జడ్జి గారి గ్లాసు

మొన్న శనివారం రాత్రి టీవీలో ఒక వైజ్ఞానిక అద్భుతం చూశాను. కామెడీ షోలో స్కిట్ నడుస్తోంది. జడ్జి గారి ముందు గ్లాసులో నీళ్లు సగానికి ఉన్నాయి. టీమ్ లీడర్ పంచ్ వేశాడు. జడ్జి గారు బల్ల చరిచి నవ్వారు. గ్లాసు అంచుదాకా నిండి ఉంది. ఇంకో పంచ్, ఇంకో నవ్వు. ఈసారి గ్లాసులో చుక్క లేదు. మూడో పంచ్‌కి అసలు గ్లాసే లేదు, దాని చోట కాఫీ మగ్గు. నాలుగోదానికి నిండు గ్లాసు తిరిగొచ్చింది. ఇంత జరిగినా జడ్జి గారు ఒక్క గుక్క తాగగా నేను చూడలేదు. తాగే తీరికేది పాపం, నవ్వాలి కదా.

"గ్లాసు చూస్తూ కూర్చుంటారేంటండీ, స్కిట్ చూడండి" అంది మా ఆవిడ. స్కిట్ చూశాను. గ్లాసే నయం.

కిట్టనివాళ్లు దీన్ని రియాక్షన్ షాట్ అంటారు. ఎప్పుడో దేనికో నవ్విన నవ్వు తెచ్చి ఇప్పటి జోకుకి అతికించారని ఆడిపోసుకుంటారు. నేను మాత్రం దీన్ని సేవ అంటాను. మన వంతు నవ్వు కూడా వాళ్లే నవ్విపెడుతున్నారు. అసలు నవ్వొచ్చిందా రాలేదా అని తేల్చుకునే శ్రమ కూడా మనకు మిగల్చలేదు.

ఈ ధర్మకార్యానికి పెద్దదిక్కు చార్లెస్ డగ్లస్. అమెరికాలో సీబీఎస్ అనే టీవీ సంస్థలో సౌండ్ ఇంజనీరు. 1950ల్లో, రికార్డు చేసిన నవ్వులు షోలకి అతికించే నవ్వుల పెట్టె ఒకటి తయారుచేశాడు. టైపురైటర్‌కి ఉన్నట్టు మీటలు. ఒకటి నొక్కితే ఆడవాళ్ల కిలకిలలు, ఇంకోటి నొక్కితే మగవాళ్ల పగలబాటు. ఎంతసేపు నవ్వాలో చెప్పడానికి కాలికింద పెడల్. ఆ పెట్టెకి తాళం వేసుకుని, లోపలేముందో పరాయివాళ్ల కంట పడనిచ్చేవాడు కాదు. బంగారం దాచుకున్నట్టు నవ్వు దాచుకున్నాడు మహానుభావుడు.

అదే కాలంలో, అదే దేశంలో, ఎర్నీ కోవాక్స్ అని ఒక అప్రయోజకుడు ఉండేవాడు. వెరైటీ షోలు తనే రాసి, తనే నటించి, తనే డైరెక్ట్ చేసేవాడు. మన భాషలో టీమ్ లీడర్. కానీ ఏం లాభం? స్టూడియోలో కూర్చునే జనం వద్దు, డబ్బా నవ్వులు అసలే వద్దు అనేవాడు. 1957లో ఎన్‌బీసీ అనే టీవీ సంస్థలో అరగంట షో డైలాగుల్లేకుండా చేసి కూర్చున్నాడు. మన టీమ్ లీడర్ని అర నిమిషం నోరు మూసుకోమనండి చూద్దాం.

ఆ షోలో కోవాక్స్ బల్ల దగ్గర కూర్చుని ఫ్లాస్కులోంచి పాలు వంపుతాడు. పాలు కింద ఉన్న కప్పులో పడవు, పక్కకి వాలుగా పోతాయి. సెట్టుని ఒరగబెట్టి, కెమెరానీ అదే వాలులో వంచాడు. చూసేవాడికి బల్ల తిన్నగానే కనిపిస్తుంది, పాలకే తిక్క పట్టినట్టుంటుంది. అక్కడ నవ్వమని చెప్పే జడ్జి లేడు. నవ్వుతావో మానుతావో నీ ఇష్టం అని వదిలేశాడు. ఎంత నిర్లక్ష్యం! పైగా కాసిని పాల కోసం సెట్టంతా వంచాలా? మనవాళ్లు కుర్చీ కూడా జరపకుండా గ్లాసు నింపుతున్నారే!

1962 జనవరిలో కోవాక్స్ కారు ప్రమాదంలో పోయాడు. 43 నిండలేదు.

ఆ తర్వాత ఏం చేశారో తెలుసా? టేపు ఖరీదైన సరుకు కదా, అతని షోలు చెరిపేసి వాటిమీద వేరే కార్యక్రమాలు రికార్డు చేసుకున్నారు. భార్య ఈడీ ఆడమ్స్, మొగుడు వదిలిపోయిన పన్ను బాకీలు తీరుస్తూనే, మిగిలిన టేపులు డబ్బిచ్చి కొనుక్కుంది. మొగుడు చేసిన పనిని పెళ్లాం కొనుక్కోవాలా? లేకపోతే అదీ దక్కేది కాదట! డ్యూమాంట్ అనే నెట్‌వర్క్ పాత రికార్డింగులైతే 1970ల్లో మూడు లారీలకెత్తి న్యూయార్క్ సముద్రపాయలో కుమ్మరించారని 1996లో ఆవిడే సాక్ష్యం చెప్పింది. ఒక్కడి చెయ్యీ వణకలేదు. ఒక్కడూ ఇదేం పాపంరా అనలేదు. మనుషులు చేసిన పని నీళ్లపాలు! ఆ డగ్లస్ పెట్టెలో నవ్వులు మాత్రం ఏళ్లకేళ్లు, ఒక షో తర్వాత ఇంకో షోలో, చెక్కు చెదరకుండా మోగాయి.

సరే, ఆవేశం ఎక్కువైంది. మా ఆవిడ పిలుస్తోంది, వచ్చేవారం ప్రోమో వస్తోందట. జడ్జి గారు పడీపడీ నవ్వుతున్నారు. గ్లాసు ఈసారి ఎడమచేతి వైపు ఉంది.