‘రాబిన్‌హుడ్’ వాదనలో నిలవని లెక్కలు

2025 నవంబరులో సినిమాల పైరసీ సైటు ఐబొమ్మ నిర్వాహకుడన్న ఆరోపణపై ఒక వ్యక్తిని హైదరాబాద్ సైబర్ క్రైమ్ పోలీసులు అరెస్టు చేశారు. అప్పటి నుంచి సామాజిక మాధ్యమాల్లో ఒక వాదన విస్తృతంగా తిరుగుతోంది. నిర్మాతలు టికెట్ ధరలు పెంచి దోచుకుంటుంటే ఇతను పేదవాడికి ఉచితంగా సినిమా చూపించాడని, కోటీశ్వరులకు తప్ప మరెవరికీ నష్టం లేదని, కనుక ఇతను రాబిన్‌హుడ్ అని దాని సారాంశం. నేరం రుజువు కావలసింది న్యాయస్థానంలో. వాదన బలమెంతో మాత్రం మనమే చూడవచ్చు.

అందులో అన్నిటికన్నా బలంగా కనిపించేది టికెట్ ధరల మాట. పెద్ద హీరోల సినిమాలకు ప్రత్యేక ఉత్తర్వులతో ధరలు పెంచుకోవడం ప్రేక్షకుడికి భారమే, అందులో సందేహం లేదు. అయితే ధరలే కారణమైతే, అవి తగ్గినప్పుడు పైరసీ కూడా తగ్గాలి కదా. 2021 ఏప్రిల్‌లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం జీవో 35 ద్వారా గ్రామాల్లోని నాన్ ఏసీ థియేటర్లలో కనిష్ఠ ధరను 5 రూపాయలుగా నిర్ణయించింది. 2022 మార్చిలో ధరలను సవరించేదాకా ఆ జీవోపై పరిశ్రమ గగ్గోలు పెడుతూనే ఉంది. పైరసీ సైట్లు ఈ కారణంగా దుకాణం కట్టేసిన దాఖలా కనిపించదు. పైగా ధర పెంచని చిన్న సినిమాలూ, థియేటర్ టికెట్‌తో సంబంధమే లేని ఓటీటీ ప్రింట్లూ ఆ సైట్లలో ఉండేవి. వాటిపై ఏ దోపిడీకి ప్రతీకారం?

ఇక ‘ఉచితం’ సంగతి. పోలీసులు చెప్పిన ప్రకారం ఆ సైటుకు ఆదాయం బెట్టింగ్ యాప్‌ల ప్రచారం నుంచి వచ్చింది, సుమారు 50 లక్షల మంది వీక్షకుల వివరాలు కూడా పోగయ్యాయి. ఆన్‌లైన్ జూదాన్ని తెలంగాణ 2017లోనూ, ఆంధ్రప్రదేశ్ 2020లోనూ నిషేధించాయి. పోలీసుల మాట నిజమైతే, టికెట్ డబ్బు మిగిలిందని సంతోషించిన కుర్రవాడి ఫోన్‌లోకే ఆ జూదం దారి చేసుకుందన్నమాట.

నష్టం కోటీశ్వరులకేనన్నది మన సినిమా వ్యాపారం తెలియక అనే మాట. పెద్ద నిర్మాత విడుదలకు ముందే ఏరియాల వారీగా హక్కులు అమ్ముకుంటాడు. వసూళ్లు ఎలా ఉన్నా ఇంత ఇస్తానని మినిమం గ్యారంటీ కట్టిన జిల్లా బయ్యర్, అతనికి అడ్వాన్స్ ఇచ్చిన ఎగ్జిబిటర్ (థియేటర్ నడిపేవాడు), హాలు నిండితేనే గిట్టుబాటయ్యే క్యాంటీన్ వాళ్లు మొదట దెబ్బ తింటారు. 2013లో ‘అత్తారింటికి దారేది’ సగానికి పైగా ముందే బయటికి వచ్చినా ఘనవిజయం సాధించిందని కొందరు గుర్తు చేస్తుంటారు. నిజమే, కానీ అనుకున్న తేదీకన్నా ముందే విడుదల చేసుకోగలిగిన నిర్మాత, ఎగబడి వచ్చే అభిమానగణం ఉన్న సినిమా అది. ఒక చిన్న సినిమాకు ఆ రెండూ ఉండవు.

పరిశ్రమ చెప్పే అంకెలన్నిటినీ కళ్లకద్దుకోనవసరం లేదు. 2023లో దేశంలో పైరసీ విలువ 22,400 కోట్ల రూపాయలని ఒక నివేదిక లెక్కకట్టింది, కానీ దొంగ ప్రింటు చూసిన ప్రతివాడూ టికెట్ కొనేవాడే అనుకోలేం. ధరలపై కోపానికి వేరే దారీ ఉంది. 2025 సెప్టెంబరులో ‘ఓజీ’ సినిమా టికెట్ ధరల పెంపుపై ఒకరు కోర్టుకు వెళితే, తెలంగాణ హైకోర్టు సింగిల్ బెంచ్ ఆ ఉత్తర్వును నిలిపివేసింది, తరువాత వ్యవహారం డివిజన్ బెంచ్‌కు చేరింది.