నీల్ ఫ్రాంక్లిన్ చేసింది ద్రోహమా?

1950 వేసవి. ఇంగ్లండ్ తొలిసారి ఫుట్‌బాల్ ప్రపంచ కప్ ఆడబోతోంది. రెండో ప్రపంచ యుద్ధం ముగిశాక దేశం తరఫున వరుసగా 27 మ్యాచ్‌లు ఆడిన స్టోక్ సిటీ క్లబ్బు సెంటర్ హాఫ్ (రక్షణ వరుస మధ్యలో ఆడేవాడు) నీల్ ఫ్రాంక్లిన్, బ్రెజిల్‌కు రాలేనని చెప్పి, కొలంబియాలోని సాంతా ఫే క్లబ్బులో చేరడానికి బొగోటా వెళ్లిపోయాడు. అప్పటికి కొలంబియా లీగ్‌కు ఫిఫా గుర్తింపు లేదు. అతడిని తప్పుపట్టే గొంతు ఒకటి, వెనకేసుకొచ్చే గొంతు మరొకటి ఇక్కడ ఎదురెదురుగా నిలిచాయి.

అభియోగం: ముందు అతడి ఆట గొప్పతనం నేనే చెబుతాను. నా బాధంతా అక్కడే ఉంది. ఆ రోజుల్లో సెంటర్ హాఫ్ అంటే బంతి కనబడగానే బలం కొద్దీ అవతలికి బాదేవాడు. ఫ్రాంక్లిన్ అలా కాదు. సొంత పెనాల్టీ ఏరియాలో, ప్రత్యర్థి మీదికి దూసుకొస్తున్నా, బంతిని కాలితో నిమ్మళంగా అదుపు చేసి, తలెత్తి చూసి, ఖాళీగా ఉన్న తనవాడికి అందించేవాడు. 1948లో టూరిన్‌లో ఇటలీని 4-0తో ఓడించిన రోజు రక్షణకు మూలస్తంభం అతడే. అలాంటివాడు జట్టుకు అత్యవసరమైన వేళ ముఖం చాటేశాడు. భార్య గర్భవతి, రాలేనని సెలెక్టర్లకు చెప్పాడు. అదే భార్యను వెంటబెట్టుకుని రెండున్నర కిలోమీటర్ల ఎత్తున ఉన్న బొగోటాకు వెళ్లాడు. దీన్ని ఏమనాలి?

సమర్థన: అబద్ధమే అనాలి. ఆ సాకును నేను సమర్థించను. కానీ అయ్యా, నిజం చెబితే వెళ్లనిచ్చేవారా? అప్పటి ఇంగ్లండ్‌లో ఎంతటి ఆటగాడికైనా సీజన్‌లో వారానికి 12 పౌండ్లు మించి ఇవ్వకూడదు. వేసవిలో 10. 1948-49 సీజన్‌లో లీగ్ మ్యాచ్‌లకు 4 కోట్ల 10 లక్షల మందికి పైగా టిక్కెట్లు కొన్నారు. ఆ డబ్బు ఆటగాళ్లకు దక్కిందా? పైగా ఒప్పందం గడువు తీరిపోయినా, క్లబ్బు వదలకపోతే మరో క్లబ్బుకు ఆడే వీలులేదు. కొలువు కుదిరిన పాలేరుకైనా ఏడాది తిరిగాక కాడి దించే హక్కు ఉంటుంది. బొగోటా అంతకు ఎన్నో రెట్లు ఇస్తానంది. ఇరవై ఎనిమిదేళ్ల వయసు. డిఫెండర్‌కు ఇంకెన్నేళ్ల ఆట మిగిలి ఉంటుంది?

అభియోగం: ఆ 12 పౌండ్లతోనే ఇంగ్లండ్ కెప్టెన్ బిల్లీ రైట్ ఆడలేదా? 1952లో ఇంగ్లండ్ ఫార్వర్డ్ టామ్ ఫినీకి ఇటలీ నుంచి పలెర్మో క్లబ్బు కళ్లు చెదిరే సొమ్ము ఇస్తానంటే ప్రెస్టన్‌లోనే ఉండిపోయాడు. ప్లంబర్ పని చేసుకుంటూ ఆడాడు.

సమర్థన: ఫినీ ఉండిపోలేదు, ఆయన్ని వెళ్లనివ్వలేదు. క్లబ్బు ఒప్పుకోలేదు. మీరు త్యాగం అంటున్నది నాకు సంకెల లాగా కనిపిస్తోంది.

అభియోగం: సరే, ఫలితం చూడండి. జూన్ 29న బ్రెజిల్ నగరం బెలో హొరిజాంటెలో అమెరికా చేతిలో 0-1తో ఓటమి. ఇంగ్లండ్ ఫుట్‌బాల్ పరువు గంగలో కలిసింది. అతడుంటే?

సమర్థన: ఉంటే ఏం జరిగేది? ఆ టోర్నీలో ఇంగ్లండ్ మూడు మ్యాచ్‌లు ఆడి రెండే గోల్స్ ఇచ్చింది. ఆయన స్థానంలో వచ్చిన లివర్‌పూల్ ఆటగాడు లారీ హ్యూస్‌ను వేలెత్తి చూపాల్సిన పని లేదు. అమెరికా మీద ఒక్క గోలైనా కొట్టలేకపోయింది ఫార్వర్డ్‌లు. పేరుమోసిన వింగర్ స్టాన్లీ మాథ్యూస్‌ను ఆ రోజు బరిలోకే దించలేదు. ఆ పాపం కూడా ఫ్రాంక్లిన్ నెత్తినే రుద్దుతారా?

అభియోగం: పోనీ, వెళ్లినచోటైనా మాట మీద నిలబడ్డాడా? ఆరు మ్యాచ్‌లు ఆడి వెనక్కి వచ్చేశాడు. మాంచెస్టర్ యునైటెడ్ నుంచి అదే క్లబ్బుకు వెళ్లిన చార్లీ మిటెన్ ఏడాది ఉన్నాడు.

సమర్థన: రెండేళ్ల కిందటే లిబరల్ పార్టీ నేత గైతాన్ హత్యతో అట్టుడికిన ఊరు అది. వీధుల్లో కర్ఫ్యూ. నెలలు నిండుతున్న భార్య, చిన్న పిల్లాడు. ఏ తండ్రైనా ఏం చేస్తాడు? పొరపాటు తెలుసుకుని ఇంటికి వచ్చాడు. వచ్చినవాణ్ని సస్పెండ్ చేశారు. తర్వాత, 1951 ఫిబ్రవరిలో, స్టోక్ ఆయన్ని 22,500 పౌండ్లకు రెండో డివిజన్‌లోని హల్ సిటీకి అమ్ముకుంది. డబ్బు కోసం ఆటగాడు కదిలితే ద్రోహం, డబ్బు కోసం క్లబ్బు ఆటగాణ్ని కదిపితే వ్యాపారం! ఇది నాకు మింగుడు పడదు. 1961లో ఆ వేతన పరిమితి ఎత్తేశారు, 1963లో జార్జ్ ఈస్తమ్ అనే ఆటగాడి కేసులో ఆటగాణ్ని కట్టిపడేసే పద్ధతి అన్యాయమని కోర్టే చెప్పింది. అప్పటికి ఫ్రాంక్లిన్ ఆట ముగిసి, కోచింగ్ బాట పట్టాడు.

అభియోగం: చట్టం మారినంత మాత్రాన నాటి తప్పు ఒప్పయిపోదు. 1953లో వెంబ్లీలో హంగరీ ఆరు గోల్స్ కొట్టిన మ్యాచ్ గుర్తుందా? వాళ్ల సెంటర్ ఫార్వర్డ్ హిదెగ్‌కుటి వెనక్కి జరిగి ఆడుతుంటే, వెంట వెళ్లాలో, తన చోటే నిలబడాలో మన సెంటర్ హాఫ్‌కు తేల్చుకోలేని పరిస్థితి. హిదెగ్‌కుటి ఒక్కడే మూడు కొట్టాడు. ఆటను చదివి, బంతితో బయటికి రాగల డిఫెండర్ ఒకడుండి ఉంటే! 1954 ప్రపంచ కప్‌లో బిల్లీ రైట్‌ను ఆ స్థానానికి మార్చేదాకా ఆ లోటు తీరలేదు. అందుకే అతడిని క్షమించలేకపోతున్నాను.

సమర్థన: మీ నోటితోనే నా వాదన చెప్పారు. 1951 నుంచి ఆయన కొలంబియాలో లేడు. ఇంగ్లండ్‌లోనే, హల్‌లో ఉన్నాడు. కావాలనుకుంటే ఒక్క ఉత్తరం చాలు. ఒక్కసారి కూడా పిలవలేదు. ఆ సెలెక్టర్లను మీ అభియోగంలో ఎప్పుడు చేరుస్తారు?