నదిరాయి పట్టుకున్న గ్రహాంతరవాసి

పొద్దున్నే నేను కాఫీ గ్లాసు దించేలోపు మా బావగారు వాట్సాప్‌లో ఒక వీడియో పంపించారు. పెరూ దేశంలో కుస్కో ఊరి పైన ఉన్న సక్సైవామాన్ కోట. మెలికలు తిరుగుతూ మూడు వరసల రాతిగోడ. కొన్ని బండలు 100 టన్నులు దాటినవి. మధ్యలో సున్నం లేదు, సిమెంటు లేదు, అయినా చాకు మొన దూరదు. వెనకనుంచి ఒక గంభీరమైన గొంతు, "ఇది మనుషుల వల్ల అయ్యే పనేనా?" అని అడుగుతోంది. కింద బావగారి సొంత వ్యాఖ్య: "ఇనుము తెలీదు, బండి లేదు, ఎద్దు లేదు. కాస్త ఆలోచించవోయ్!"

ఆలోచించాను. నాలుగు రోజులు అదే పని పెట్టుకుని దొరికినంతా చదివి, చివరికి బావగారి పక్షానికే వచ్చేశాను: ఇది గ్రహాంతరవాసుల పనే. ఈ గోడల్ని, స్పెయిన్‌వాళ్లు రాకముందు అక్కడ ఏలిన ఇంకాలనే జనమే కట్టారని నేటికీ నమ్ముతున్నవాళ్ల కోసం నా దగ్గరున్న సాక్ష్యాలు ఇక్కడ పెడుతున్నాను.

ముందు పనిముట్లు. రూమికోల్కా, కచికాటా అనే పాత రాతి గనుల్లో గుండ్రటి గట్టి రాళ్లు దొరికాయి. అవి ఆ గని రాళ్లు కావు, నది ఒడ్డున ఏరుకొచ్చినవి. కాబట్టి నక్షత్రాలు దాటి వచ్చినవాళ్లు సామానంతా ఇంటిదగ్గరే మర్చిపోయి, ఇక్కడ ఏట్లో దిగి సుత్తులు ఏరుకున్నారన్నమాట. 1980లలో జాన్ పియర్ ప్రోట్జెన్ అనే ఆర్కిటెక్చర్ ప్రొఫెసర్‌కి ఈ సంగతి మింగుడుపడలేదు. ఆయన కూడా ఒక నదిరాయి తీసుకున్నాడు, దాదాపు 4 కిలోలది. ఆండసైట్ అనే గట్టి రాతి దిమ్మ ముందు కూర్చున్నాడు. రాయిని గట్టిగా పట్టుకోలేదు. రెండు చేతుల మధ్య వదులుగా ఉంచి, పడనిచ్చాడు. పడ్డ రాయి దానంతటదే పైకి ఎగురుతుంది, అందుకుని మళ్లీ వదలడమే. తగిలే క్షణంలో మణికట్టు కాస్త తిప్పితే దెబ్బ ఏటవాలుగా తగిలి పెచ్చు లేస్తుంది. అంచు దగ్గరకొచ్చేసరికి పెద్ద రాయి పక్కన పెట్టి చిన్నది తీసుకున్నాడు. లేకపోతే అంచు విరిగిపోతుంది మరి. దిమ్మకి మూడు ముఖాలు చదును చెయ్యడానికి గంటన్నర పట్టింది.

ఇప్పుడు కుస్కో గోడల దగ్గరికెళ్లి బండ మీద చెయ్యి పెట్టి చూడండి. మధ్యలో పెద్ద గుంటలు, అంచుల వెంట సన్నటి గుంటలు. ప్రొఫెసర్ దిమ్మ మీద ఏమున్నాయో అవే. నేను ఇందులోంచి తేల్చుకున్నది ఒకటే: గ్రహాంతరవాసులకి కూడా అంచు విరుగుతుందన్న టెన్షన్ ఉంది.

తర్వాత రవాణా. ఒయంతైతంబో అనే మరో ఇంకాల ఊళ్లో ఆరు నిలువు బండల గోడ ఒకటుంది. ఆ గులాబీరంగు రాయి ఊళ్లోది కాదు. ఉరుబాంబా నదికి అవతల, కొండ మీదున్న కచికాటా గని నుంచి కిందికి దించి, నది దాటించి, మళ్లీ ఈ కొండ ఎక్కించారు. ఎగిరే పళ్లెం ఉన్నవాళ్లకి ఇదేమంత కష్టం? కానీ దారి పొడుగునా బండలు పడి ఉన్నాయి. అక్కడివాళ్లు వాటిని 'అలసిపోయిన రాళ్లు' అంటారు. కొన్నింటికి నేలకి ఆనిన ముఖం అరిగి నున్నబడి, లాగిన దిక్కుగా గీతలు పడ్డాయి. పళ్లెంలో డీజిల్ అయిపోయి ఉంటుంది. అక్కడినుంచి తాళ్లు కట్టి ఈడ్చారు.

ఈడ్చినవాళ్లను చూసినవాళ్లు లేకపోలేదు, కనీసం విన్నవాళ్లున్నారు. 1550 ప్రాంతంలో కుస్కో వచ్చిన సియెసా దె లియోన్ అనే స్పెయిన్ చరిత్రకారుడు లెక్క రాసిపెట్టాడు. సక్సైవామాన్ పనికి 20,000 మంది. అందులో 4,000 మంది గనిలో రాయి తీసేవాళ్లు, 6,000 మంది తోలు తాళ్లతో, నారతాళ్లతో లాగేవాళ్లు. మనిషికి జబ్బు చేస్తే ఇంటికి పంపించి ఆ చోట ఇంకొకణ్ణి పెట్టేవాళ్లు. ఊళ్ల వంతున వచ్చే పని అది, మిత అంటారు. వేరే గ్రహంలో వంతులు వేసుకుని, జ్వరమొస్తే సెలవు పెట్టుకుని వచ్చి వెళ్లే ఏర్పాటు ఎంత పకడ్బందీగా ఉందో చూడండి! మా బావగారికి ఈ లెక్క పంపిస్తే, "స్పెయిన్‌వాడు చెప్తే నమ్ముతావా?" అన్నారు. నిజమే, పేరు కూడా చెప్పని వీడియో గొంతు ముందు స్పెయిన్‌వాడెంత!

నన్ను నిజంగా ఇబ్బంది పెట్టింది ఇంకాల కొండ ఊరు మాచు పిచ్చు ఒక్కటే. అక్కడి నీళ్ల సంగతి ఏళ్లతరబడి పరిశీలించిన ఇంజినీర్లు తేల్చిందేమంటే, మొత్తం కట్టుబడిలో సుమారు 60 శాతం నేల కింద ఉంది. పునాదులు, రాతి తునకల పొరలు, నీళ్లు జారిపోయే దారులు. విపరీతంగా వానలు పడే కొండ కొమ్ము అది, అయినా ఊరు జారిపోలేదు. వీడియోలో కనపడని పనికి సగానికి పైగా చాకిరీ పెట్టడం ఏ గ్రహం తెలివో నాకు అర్థం కాలేదు.

ఈ మాట నా గొంతులో అడ్డం పడటానికి సొంత కారణం ఉంది. పోయిన వేసవిలో ప్రహరీ గోడ కట్టించాను. మేస్త్రీ పునాది మూడడుగులు తవ్వుదామన్నాడు. కనపడేదా పెట్టేదా, అడుగున్నర చాలన్నాను. వానలొచ్చేలోపు అయిపోవాలని నాలుగు రోజుల గడువు పెట్టాను. కూలి దగ్గర బేరమాడాను. రెండు వానలకి గోడ పక్కింటి వైపు వాలింది. దీన్ని ఎవరు కట్టారని వీధిలో ఒక్కరూ అనుమానపడలేదు. గ్రహాంతరవాసుల ఊసే రాలేదు.

కుస్కోలోనూ ఇదే పద్ధతి. కోరికాంచా అనే సూర్యుడి గుడి గోడల మీద స్పెయిన్‌వాళ్లు సాంటో డొమింగో మఠం కట్టారు. 1650లో భూకంపమొచ్చి మఠం దెబ్బతింది. 1950లో మళ్లీ వచ్చింది, మళ్లీ కూలింది. పై గోడలు పడిపోయాక లోపలినుంచి ఇంకాల గోడలు చెక్కుచెదరకుండా బయటపడ్డాయి. పడిపోయినదాన్ని కట్టింది మనుషులు, అందులో చర్చ లేదు. అనుమానమల్లా నిలబడ్డదాని గురించే.

అదే ఊళ్లో అతున్ రూమియోక్ వీధిలో పన్నెండు మూలల రాయి ఒకటుంది. చుట్టూ ఉన్న రాళ్లన్నీ ఒక్కో మూలా దానికి అతికినట్టు చెక్కారు. అది ఎవరు చెక్కారన్నదాని మీద లక్షల మందికి అనుమానాలున్నాయి. 2025 ఫిబ్రవరిలో ఒకడు రాత్రిపూట ఇనప సుత్తి తెచ్చి దాని మీద దెబ్బలు వేశాడు. పెచ్చులు లేచాయి. అది చేసింది మనిషేనని నమ్మడానికి ప్రపంచానికి ఒక్క క్షణం కూడా పట్టలేదు.

మొన్న మేస్త్రీని పిలిచి గోడ చూపించాను. తల గోక్కుని, "భూమిలో ఏదో ఉంది సార్" అన్నాడు. చదివిన చదువు ఊరుకోదు కదా, ఇంకాలు గోడల్ని కావాలనే కాస్త లోపలికి వాల్చి కట్టేవాళ్లని, అందుకే భూకంపాలకి తట్టుకున్నాయని వివరించాను. అతను శ్రద్ధగా విని, గోడని ఇంకోసారి ఎగాదిగా చూశాడు.

"మరి ఇదీ అంతే కదా సార్. పక్కింటాయన వైపు నుంచి చూస్తే లోపలికే వాలింది."