క్వార్టర్‌బ్యాక్ బాబుకి దిష్టి తగిలింది, 15 యార్డులు కట్టండి

స్నానం చేశాను, పెరుగన్నం తిన్నాను, అయినా చల్లారలేదు. అందుకే రాస్తున్నాను. పొడుగ్గా ఉంటుంది, ఓపిక లేనివాళ్లు స్క్రోల్ చేసేసుకోండి.

ఈ సాయంత్రం మావాడి అమెరికన్ ఫుట్‌బాల్ మ్యాచ్, స్కూలు జేవీ (జూనియర్ వర్సిటీ, అంటే చిన్న టీమ్)ది. టెక్సస్‌లో శుక్రవారం రాత్రి స్కూలు పెద్ద టీమ్‌ది, గురువారం చిన్న టీమ్‌లది అని ఇక్కడ ఉన్నవాళ్లందరికీ తెలుసు. మావాడు డిఫెన్సివ్ ఎండ్. అవతలి టీమ్‌లో బంతి విసిరే పిల్లాణ్ని క్వార్టర్‌బ్యాక్ అంటారు. అతను విసిరేలోపు దగ్గరికి చేరి పడేయడమే మావాడి పని. ఆఖరి క్వార్టర్, మేమే ముందున్నాం, వాళ్లకి థర్డ్ డౌన్ (పది యార్డులు పోవడానికి ఇచ్చే నాలుగు ప్రయత్నాల్లో మూడోది), ఇంకా బోలెడు దూరం పోవాలి. మావాడు ఎదురుగా ఉన్న లైన్‌మన్‌ని పక్కకి నెట్టి లోపలికి దూరాడు. ఆ పిల్లాడు బంతి వదిలాడు, అదే క్షణంలో వీడి భుజం వాడి ఛాతీకి తగిలింది. తలకి తగల్లేదు, మోకాలికి తగల్లేదు. ఇద్దరూ పడ్డారు. బంతి ఎవరికీ అందకుండా గడ్డి మీద పడింది. మా వైపు బ్లీచర్స్‌లో అందరం లేచి అరుస్తున్నాం. అప్పుడు ఎగిరింది, తప్పు జరిగిందని రిఫరీ విసిరే పసుపు గుడ్డ.

రఫింగ్ ద పాసర్! అంటే బంతి విసిరినవాణ్ని మోటుగా కొట్టాడట. 15 యార్డులు, పైన కొసరుగా ఆటోమేటిక్ ఫస్ట్ డౌన్, అంటే వాళ్లకి ప్రయత్నాలు మళ్లీ మొదటినుంచి. ఆగిపోవాల్సిన వాళ్లు మళ్లీ లేచి కూర్చున్నారు, టచ్‌డౌన్ కొట్టారు, మ్యాచ్ పోయింది. పడ్డ పిల్లాడికి ఏమైందంటారా? ఒళ్లు దులుపుకుని లేచి, మావాడి హెల్మెట్ మీద ఒకటి తట్టి నవ్వుకుంటూ వెళ్లాడు. తగిలినవాడికి లేని నొప్పి ఆ చారల చొక్కా ఆయనకి ఎక్కడ పుట్టిందో మరి.

పెళ్లయిన కొత్తలో పసుపు చూస్తే మంగళకరం అనిపించేది. ఇప్పుడు ఒళ్లు మండుతోంది.

ఈ జబ్బు స్కూల్లో పుట్టింది కాదు. పెద్దవాళ్ల ప్రొఫెషనల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో మొదలై ఊళ్లన్నిటికీ పాకింది. ఆదివారం టీవీలో పెద్ద రిఫరీలు ఎలా విజిల్ ఊదితే, గురువారం ఇక్కడ చిన్న రిఫరీలు అలాగే ఊదుతారు. అక్కడి నియమం ఏమిటో తెలియనివాళ్ల కోసం చెప్తాను. క్వార్టర్‌బ్యాక్ బాబుగారిని మెడ, తల మీద గట్టిగా తాకరాదు. మోకాలి దగ్గర, దాని కింద తాకరాదు. బంతి చెయ్యి దాటాక డిఫెండర్‌కి ఒక్క అడుగే అనుమతి. ఇవన్నీ పాటించి, మిగిలిన నడుమూ పొట్టా చూసుకుని పట్టుకున్నారనుకోండి, అప్పుడు కూడా మీ బరువంతా ఆయన మీద పడకూడదు. 130 కిలోల మనిషి, పరుగు మీద వచ్చి, గాల్లో ఉండగా తన బరువు ఇంకెక్కడో పెట్టుకోవాలట. ఎక్కడ పెట్టాలి నాయనా, డిక్కీలోనా? మన కబడ్డీలో రైడర్ కాలు దొరికితే నలుగురూ కలిసి మీద పడి పట్టేస్తారు. ఆ నలుగురిలో ఎవరైనా "అన్నా, బరువెక్కువైందా?" అని అడగడం చూశారా?

బరువు సంగతి పాత నియమంలోనే ఉంది గానీ, 2018లో దానికి పూనకం వచ్చింది. ఎందుకంటే అంతకు ముందు ఏడాది అక్టోబరులో మినెసోటా డిఫెండర్ ఆంథొనీ బార్ వచ్చి మీద పడితే పేరున్న క్వార్టర్‌బ్యాక్ ఆరన్ రాడ్జర్స్‌కి కాలర్‌బోన్ విరిగింది. ఇక చూసుకోండి. సెప్టెంబరు 2018లో డిఫెండర్ క్లే మాథ్యూస్‌కి సీజన్ మొదటి మూడు వారాలూ వరసగా జెండాలే. రెండో వారం మ్యాచ్ గుర్తుందా? మాథ్యూస్ టీమ్ గ్రీన్ బే 29-21తో ముందుంది, మినెసోటా క్వార్టర్‌బ్యాక్ కర్క్ కజిన్స్ విసిరిన బంతిని గ్రీన్ బే ఆటగాడు జైర్ అలెగ్జాండర్ పట్టేశాడు, మ్యాచ్ అయిపోయినట్టే. కాదు, మాథ్యూస్ కజిన్స్‌ని శుభ్రంగా పట్టుకుని పడేశాడు కాబట్టి తప్పు. క్యాచ్ రద్దు. చివరికి 29-29, టై. తమాషా ఏమిటంటే రాడ్జర్స్‌దీ మాథ్యూస్‌దీ ఒకే టీమ్. రాడ్జర్స్ ఎముక కోసం బిగించిన ఉచ్చులో రాడ్జర్స్ టీమే పడింది. నవ్వాలో ఏడవాలో.

అది అయిన మరుసటి వారమే మయామీ ఆటగాడు విలియమ్ హేస్ అవతలి క్వార్టర్‌బ్యాక్ డెరెక్ కార్‌ని పట్టుకున్నాడు. పాపం మంచి మనిషి, తన బరువు కార్ మీద పడకుండా ఒళ్లు తిప్పుకోబోయాడు. హేస్ మోకాల్లో లిగమెంట్ తెగింది. సీజన్ పోయింది. కార్ లేచి వెళ్లిపోయాడు. ఆటగాళ్ల భద్రత కోసం పెట్టిన నియమం పాటించినందుకు ఒక ఆటగాడి కాలు పోయింది, దానికి మాత్రం ఎవరూ జెండా ఎగరెయ్యలేదు.

ఆ డెరెక్ కార్ జాతకమే వేరు. 2022 అక్టోబరు 10న కాన్సస్ సిటీ డిఫెండర్ క్రిస్ జోన్స్ అతని చేతిలోంచి బంతి ఊడపీకి, బంతితో సహా కింద పడ్డాడు. దానికీ రఫింగ్ ద పాసరే! బంతి జోన్స్ చేతిలో ఉంది. పాసర్ ఎవరు మరి? డెరెక్ అన్న డేవిడ్ కార్‌ని అడగండి, ఆయనా క్వార్టర్‌బ్యాకే, నిజంగా పడటమంటే ఏమిటో చెప్తాడు. మా హ్యూస్టన్ టెక్సన్స్ పుట్టిన ఏడాది, 2002లో, ఆయన్ని 76 సార్లు శాక్ చేశారు, అంటే బంతి విసరక ముందే పడేశారు. ఇప్పటికీ అదే రికార్డు. అన్న 76 సార్లు పడితే ఊరుకున్నారు, తమ్ముడి ఒంటికి కాస్త గడ్డి అంటుకుంటే కోర్టు కచేరీ.

జోన్స్ సంగతికి ఒక్క రోజు ముందే అట్లాంటా ఆటగాడు గ్రేడీ జారెట్ క్వార్టర్‌బ్యాక్ టామ్ బ్రేడీని పట్టుకుని, తిప్పి, కింద కూర్చోబెట్టాడు. కూర్చోబెట్టాడనే అంటాను, అంత మర్యాదగా చేశాడు. దానికీ జెండా. అట్లాంటాకి బంతి తిరిగి దక్కే అవకాశమే పోయింది, 21-15తో ఓడింది. అనవసరంగా నేలకేసి కొట్టాడట! నేలకి కాక ఇంకెక్కడికి పడేస్తారండీ, సోఫా మీదికా?

ఆ వారం అంత భక్తి ఎందుకు పొంగిందో నాకు తెలుసు, మీకూ తెలుసు. అంతకు ముందు సెప్టెంబరు చివర్లో మయామీ క్వార్టర్‌బ్యాక్ టువా టాగొవైలోవా ఒక ఆదివారం తల నేలకి కొట్టుకుని లేచి తూలాడు. వెన్ను నొప్పి అని చెప్పి మళ్లీ ఆడించారు. నాలుగు రోజుల తర్వాత గురువారం సిన్సినాటీలో మళ్లీ తల కొట్టుకుంది. వేళ్లు కొంకర్లు పోయి పడి ఉన్న ఆ పిల్లాణ్ని చూసి నేను టీవీ ఆపేశాను. తప్పు ఎవరిది? తూలుతున్నవాణ్ని మైదానంలోకి పంపిన పద్ధతిది. శిక్ష ఎవరికి? పది రోజుల తర్వాత వేరే ఊళ్లో నీతిగా ట్యాకిల్ చేసినవాడికి. బాగుంది.

ఇప్పుడు అసలు కడుపుమంట. ఈ ఆటలో ఎవరి మోకాలికి విలువుందో నియమాల పుస్తకం చూస్తేనే తెలిసిపోతుంది. 2008లో కింద పడి ఉన్న డిఫెండర్ ముందుకి దూకితే బ్రేడీ మోకాలు పోయింది, మరుసటి ఏడాదికల్లా అలా దూకడం నేరం. రాడ్జర్స్ భుజం సంగతి పైనే చెప్పాను. మరి నిక్ చబ్? 2023 సెప్టెంబరు 18, సోమవారం రాత్రి, పిట్స్‌బర్గ్. పిట్స్‌బర్గ్ డిఫెండర్ మింకా ఫిట్జ్‌ప్యాట్రిక్ వంగి అతని మోకాలికే నేరుగా తగిలాడు. ఎంత ఘోరంగా వంగిందంటే టీవీవాళ్లు రీప్లే కూడా వెయ్యలేదు. జెండా పడిందా? లేదు. ఎందుకంటే చబ్ రన్నింగ్ బ్యాక్, బంతి మోసుకుపోయే కూలీ. అతని మోకాలు కొట్టడం నిబంధనల ప్రకారం సక్రమం! ఫిట్జ్‌ప్యాట్రిక్‌ని నేనేమీ అనను, నిబంధన ఒప్పుకున్న పనే చేశాడు. అదే మోకాలు, అదే దెబ్బ, బంతి విసరబోతున్న క్వార్టర్‌బ్యాక్‌కి తగిలి ఉంటే పార్లమెంటు సమావేశమయ్యేది. ఇద్దరికీ మోకాళ్లు ఒకే రకంగా చేశాడు కదా దేవుడు. 2025లో చబ్ మా టెక్సన్స్‌కే వచ్చాడు, టీవీలో అతను పరిగెడుతుంటే నా కళ్లు ఆ మోకాలి మీదే ఉంటాయి.

"అదేంటక్కా, 2024లో హిప్ డ్రాప్ ట్యాకిల్ (పట్టుకుని, నడుము బరువు ఎదుటివాడి కాళ్ల మీద పడేయడం) నిషేధించారుగా, అది రన్నింగ్ బ్యాక్‌ల కోసమేగా" అంటూ ఎవరో ఒకరు వస్తారు. వచ్చారా? కూర్చోండి. అది కూడా డిఫెన్స్ వాడి జేబులోంచే కట్టించారు.

తలకాయల సంగతి ఇంకా ఘోరం. పిట్స్‌బర్గ్ సెంటర్ మైక్ వెబ్‌స్టర్ అని ఒకాయన. ప్రతి ఆటకీ వంగి, క్వార్టర్‌బ్యాక్ చేతికి బంతి అందించి, మరుక్షణం ఎదుటివాడి తలకి తల ఢీకొట్టడమే ఆయన ఉద్యోగం. నాలుగు సూపర్ బౌల్‌లు గెలిపించాడు. 2002లో 50 ఏళ్లకే పోయాడు. డాక్టర్ బెనెట్ ఒమాలు ఆయన మెదడు చూసి, తలకి పదే పదే దెబ్బలు తగిలితే వచ్చే సీటీఈ అనే జబ్బుని ఫుట్‌బాల్ ఆటగాడిలో మొదటిసారి గుర్తించాడు. బంతి పుచ్చుకున్న చేతికి ఇన్ని కవచాలు తొడిగారు, ఇచ్చిన తలకి?

డబ్బు కాబట్టి. అంతే, ఇంకేమీ లేదు. డాలస్ క్వార్టర్‌బ్యాక్ డాక్ ప్రెస్కాట్‌కి ఏడాదికి సగటున 6 కోట్ల డాలర్లు. ఏ రన్నింగ్ బ్యాక్‌కీ అందులో సగం రాదు. షోరూంలో కారుకి గీత పడితే గోల చేసినట్టు చేస్తారు, మనిషి మీద ప్రేమతో కాదు. క్వార్టర్‌బ్యాకులందరి మీదైనా ఉందా ఆ ప్రేమ? 2016 సీజన్ మొదటి మ్యాచ్‌లో డెన్వర్ వాళ్లు అవతలి క్వార్టర్‌బ్యాక్ కామ్ న్యూటన్ తల మీద మళ్లీ మళ్లీ కొట్టారు. అతను పెద్ద ఒళ్లున్నవాడు, పరిగెత్తేవాడు, నల్లవాడు. అతనికి నొప్పి పుట్టదనుకున్నారు కాబోలు.

ఇక జనవరి 18, 2025. హ్యూస్టన్ వాళ్లకి తేదీ చెబితే చాలు. కాన్సస్ సిటీ వాళ్ల ఆరోహెడ్ స్టేడియంలో ప్లేఆఫ్ మ్యాచ్. మొదట మా విల్ ఆండర్సన్ జూనియర్ మీద రఫింగ్. తర్వాత వాళ్ల క్వార్టర్‌బ్యాక్ మహోమ్స్ గారు పరిగెడుతూ పరిగెడుతూ, ఆఖరి క్షణంలో జారి కూర్చున్నారు. అలా జారితే ఇక ఆయన్ని కొట్టకూడదు. మావాళ్లిద్దరూ ఒకరినొకరు గుద్దుకున్నారు. ఆయనకి గాలి తగిలింది. జెండా! ట్రాయ్ ఐక్‌మన్ కామెంటరీలోనే ఇదేం పద్ధతని విసుక్కున్నాడు. ఆయనెవరు? తనూ క్వార్టర్‌బ్యాకే, హాల్ ఆఫ్ ఫేమ్ మనిషి. అదే మ్యాచ్‌లో మా క్వార్టర్‌బ్యాక్ స్ట్రౌడ్‌ని 8 సార్లు శాక్ చేశారు. 23-14తో ఓడిపోయాం. టెక్సన్స్ ఆట బాలేదు, ఒప్పుకుంటాను, మా కిక్కింగ్ గురించి మాట్లాడకండి. కానీ ఆ గాలి దెబ్బ మాత్రం నేను కాటికి పోయేదాకా మర్చిపోను.

ఈ జారడంలోనూ మోసమే. 2021 కాలేజీ మ్యాచ్‌లో క్వార్టర్‌బ్యాక్ కెన్నీ పికెట్ జారబోతున్నట్టు నటించాడు, డిఫెండర్లు బుద్ధిగా ఆగారు, అతను లేచి 58 యార్డుల టచ్‌డౌన్ కొట్టాడు. వారం తిరక్కుండా నిషేధించార్లెండి, కానీ ఆ టచ్‌డౌన్ వెనక్కి తీసుకోలేదు.

మా స్కూల్లోనూ ఇదే వరస. సీజన్ చివర బ్యాంక్వెట్ పెడతారు, స్లైడ్ షో వేస్తారు, అందులో క్వార్టర్‌బ్యాక్ నవ్వుతూ, క్వార్టర్‌బ్యాక్ నడుస్తూ, క్వార్టర్‌బ్యాక్ నీళ్లు తాగుతూ. మావాడు కనిపించింది ఒక్క ఫొటోలో, అదీ వీపు. టీమ్ మొత్తానికి పులిహోర చేసి పట్టుకెళ్లింది నేను! థాంక్స్ చెప్పింది మాత్రం కొడుక్కి ప్రైవేట్ కోచ్‌ని పెట్టిన వాళ్లమ్మకి. గుళ్లో ఒకావిడైతే "మీవాడు ఆ కొట్టుకునే ఆట ఆడతాడటగా, మావాడు రోబోటిక్స్" అంది. రోబోకి 15 యార్డులు వెయ్యరు కాబట్టి సుఖపడింది.

కారులో వస్తుంటే మా ఆయన "రూల్ రూలే కదా" అన్నారు. ఆయన మొదట డాలస్‌లో దిగిన మనిషి, కౌబాయ్స్ అభిమాని, 1996 జనవరి తర్వాత సూపర్ బౌల్ గడప తొక్కని టీమ్‌ని పట్టుకుని నాకు నీతులు చెప్తారు. వెనక సీట్లో పిల్లాడు మోచేతికి ఐస్ పెట్టుకుని కూర్చుంటే ఈయనకి రూల్ గుర్తొచ్చింది. రేపు పొద్దున దోసెలు ఆయనే వేసుకుంటారు.