240లో 48 పోతే 242: ఈఎంఐ గారికి ఒక లేఖ

మహారాజశ్రీ ఈఎంఐ గారి దివ్యసముఖమునకు,

బీరంగూడ నుంచి మీ రుణగ్రస్తుడు నమస్కరించి వ్రాయునది. ఇక్కడ మేమంతా క్షేమం. మీ క్షేమం ప్రత్యేకంగా అడగక్కర్లేదు. మొన్న మంగళవారం బ్యాంకులో కంప్యూటర్ తెర మీద మిమ్మల్ని కళ్లారా చూశాను. పుష్టిగా ఉన్నారు.

నిజానికి ఆ రోజు నేను వచ్చింది శుభకార్యం మీద. బోనస్ పడింది. రెండు లక్షలు. ఫ్రిజ్ మార్చాలని మా ఆవిడ రెండేళ్లుగా అంటోంది, అయినా తనే “ముందు ఆ లోన్ మీద కొట్టేయండి” అంది. హాఫ్ డే లీవు పెట్టి వచ్చి టోకెన్ తీసుకున్నాను. నా నంబరు వచ్చే వేళకి సర్వర్ పోయింది. సర్వర్ వచ్చే వేళకి మేడమ్ లంచ్‌కి వెళ్లారు. మేడమ్ వచ్చేసరికి రెండూ నలభై. ఇందులో కొత్తేముంది, మీ దర్శనానికి ఎవరొచ్చినా ఇదే వరస.

ఆవిడ నా ఖాతా తెరిచి తెర నావైపు తిప్పారు. పోయిన దసరాకి దాని నెత్తిన పెట్టిన కుంకుమ బొట్టు ఇంకా ఉంది. బొట్టు కింద బ్యాలెన్స్ టెన్యూర్, అంటే ఇంకా కట్టాల్సిన నెలలు, అని ఉంది. దాని పక్కన 242.

“మేడమ్, నేను తీసుకున్నదే 240 నెలలకి.”

“అవును సార్.”

“48 కట్టాను.”

“అవును సార్. ఒక్కటి కూడా బౌన్స్ కాలేదు. చాలా మంచి ట్రాక్ సార్ మీది.”

“240లో 48 పోతే 192 కదా?”

ఆవిడ నా ముఖం చూశారు, తెర చూశారు. “సిస్టమ్‌లో 242 చూపిస్తోంది సార్.”

మా పాప మూడో తరగతి. తీసివేతలో అప్పు తెచ్చుకోవడం నేర్చుకుంటోంది. అప్పు తెచ్చాక తీసివేస్తే జవాబు మొదటి అంకె కంటే పెద్దదవుతుందని వాళ్ల టీచరు ఇంకా చెప్పినట్టు లేదు.

ఈఎంఐ గారూ, మన పరిచయం 2021 జూన్‌ది. 52 లక్షల ఫ్లాట్, 12 లక్షలు మావి, 40 లక్షలు మీ తాలూకు వాళ్లవి. ఆ 12 లక్షల్లో మా నాన్న అమ్మిన అరెకరం కూడా ఉంది. 6.75 శాతం వడ్డీ, 20 ఏళ్లు, నెలకి 30,415. లోన్ ఇప్పించిన కుర్రాడు ఎంత ముద్దుగా చెప్పాడో! “మీరిప్పుడు కడుతున్న అద్దె మీద ఇంకో పదిహేను వేలు వేసుకున్నారనుకోండి సార్, సొంతిల్లు.” నేను వేసుకున్నాను. రాత్రి నాన్నకి ఫోన్ చేస్తే ఆయన ఒక్కటే అడిగారు. “మొత్తం ఎంత కడతావురా?”

“నెలకి ముప్పై వేలు నాన్నా.”

“నేనడిగింది మొత్తం.”

“నెలకి ముప్పై వేలే నాన్నా” అన్నాను మళ్లీ, ఆయనకి వినిపించలేదేమో అనుకుని.

మీ గొప్పతనమంతా ఇదే సార్. మొత్తం అనే మాటని మా నోట్లోంచి తీసేశారు. ఫోనుకీ నెలకెంత, ఫ్రిజ్‌కీ నెలకెంత, ఇంటికీ నెలకెంత. 30,415ని 240తో గుణించడానికి పెద్ద చదువేం అక్కర్లేదు, 73 లక్షలు వస్తుంది. నేను ఇంజినీరింగ్ చదివాను. గుణించలేదు.

వడ్డీ సంగతి విన్నప్పుడు నాన్న ఆశ్చర్యపోయిన మాటా నిజమే. తెనాలి పక్క మా ఊళ్లో రూపాయి వడ్డీ అంటే ధర్మవడ్డీ కింద లెక్క. నూటికి నెలకి రూపాయి, అంటే మీ భాషలో ఏడాదికి 12 శాతం. మీది అర్ధ రూపాయి పైన ఇంకో ఆరు పైసలు. “ఎవర్రా ఆ ధర్మాత్ములు?” అన్నారు. ఆ ధర్మాత్ములు 22,500 వడ్డీ కిందకి తీసుకుని 7,915 అసలులో జమ వేసుకున్నారు మొదటి నెల. అసలు కంటే వడ్డీ ముద్దు అని మనవల్ని చూసి అనే మాట మీకు ఇంత బాగా అతుకుతుందని అనుకోలేదు.

పోనీ, అదీ లెక్కే. సంతకం పెట్టాను కాబట్టి ఒప్పుకుంటాను. ఎన్ని సంతకాలు పెట్టానో గుర్తు లేదు, ముప్పై దాటాక వేలు నొప్పెట్టి నా సంతకం మా నాన్న సంతకంలా మారింది. వాటిలో ఒకటి ఇన్సూరెన్స్ పాలసీ మీద పడిందని తర్వాత తెలిసింది. “లోన్‌లోనే కలిపేశాం సార్, మీకు భారం ఉండకూడదని.” ఆ భారం లేని ప్రీమియానికి కూడా 20 ఏళ్ల వడ్డీ ఉంది. ఇన్‌కమ్ ట్యాక్స్‌లో కలిసొస్తుందన్నారు, కొత్త విధానంలోకి మారాక మనం ఉంటున్న ఇంటి వడ్డీకి ఆ మినహాయింపూ లేదు. ఇవన్నీ చిల్లర. వదిలేశాను.

వదల్లేనిది ఆ 242 ఒక్కటే.

2022 మే నుంచి 2023 ఫిబ్రవరి దాకా రిజర్వ్ బ్యాంక్ ఆరుసార్లు రెపో రేటు, అంటే తను బ్యాంకులకి అప్పిచ్చే వడ్డీ, పెంచింది. 4 నుంచి 6.5కి వెళ్లింది. నాది దానికి కట్టేసిన లోన్, అది కొండెక్కితే నేనూ కొండెక్కాలి. 6.75 కాస్తా 9.25 అయింది. రేటు పెరిగితే వాయిదా పెరగాలి కదా, నేనూ భయపడ్డాను. టీవీలో చూసి టెన్షన్ పడి బ్యాంకు యాప్ తెరిచి చూసేవాణ్ణి. మొదట్లో మీరు కదల్లేదు. అదే 30,415. ఎంత నిబ్బరం, ఎంత దయ! తర్వాత రెండు మూడు దఫాలుగా కదిలి 32,217 దగ్గర ఆగారు. పద్దెనిమిది వందలు పెరిగిందని మేం ఓటీటీ రెండు మానేసి, ఆదివారం బిరియానీ పదిహేను రోజులకోసారి చేసుకుని, తుఫాను తప్పిపోయిందని ఊపిరి పీల్చుకున్నాం.

ఆ పద్దెనిమిది వందలు నేను చూడటానికి పెట్టిన బొమ్మ. అసలు పని వెనకాల జరిగింది. 2041 జూన్‌లో పోవాల్సిన మీరు 2051 జూన్ దాకా ఉండిపోవడానికి ఏర్పాట్లు చేసుకున్నారు. నా 20 ఏళ్లని 30 చేశారు. అంతకు మించి బ్యాంకు ఒప్పుకోదు కాబట్టి, ఇంకా తక్కువపడ్డ పద్దెనిమిది వందలు మాత్రం వాయిదాలో కలిపారు. 2023 ఏప్రిల్‌లో 32,217 కట్టాను, దాంట్లో అసలుకి వెళ్లింది 2,386. అప్పట్లో రెండు గ్యాస్ బండల డబ్బు. మిగతా ముప్పై వేలు, తిరుపతి హుండీలో వేసినా కనీసం లడ్డూ ప్రసాదం తీసుకుని వచ్చేవాణ్ణి.

అప్పుడే నన్ను పిలిచి, “బాబూ, నెలకి 36,650 కడితే 2041కే తెమిలిపోతుంది, 32,217 కడితే 2051 దాకా పోతుంది, రెండిటికీ మధ్య తేడా 29 లక్షలు, ఏది కావాలి?” అని ఎవరైనా అడిగారా? అడిగితే నేను ఆ 36,650 కట్టేవాణ్ణో లేదో నాకూ తెలీదు. కానీ అడగాలిగా!

మా ఊళ్లో షావుకారు గారుండేవారు. నాన్న ఆయన దగ్గర విత్తనాలకీ, అక్క పెళ్లికీ అప్పు చేశారు. ప్రామిసరీ నోటు మూడేళ్లకి కాలదోషం పడుతుంది. అందుకని మూడో ఏడు నిండబోతుంటే షావుకారు గారు మా ఇంటికొచ్చి, వరండాలో నులకమంచం మీద కూర్చుని, అమ్మ ఇచ్చిన కాఫీ తాగి, వానల సంగతి మాట్లాడి, చివర్లో “నోటు తిరగరాద్దాం” అనేవారు. నాన్న ముఖం మాడ్చుకునేవారు. బేరం జరిగేది. పాత వడ్డీలో కొంత కొట్టించుకుని, కొత్త నోటు మీద రెవెన్యూ స్టాంపు అంటించి, దాని మీదుగా సంతకం పెట్టేవారు. రక్తం పీల్చే మనిషని ఊరంతా అనేది. ఆ రక్తం పీల్చే మనిషికి కూడా మా బాకీ పదేళ్లు పొడిగించాలంటే మా గుమ్మం తొక్కి, మా నాన్న కళ్లలోకి చూడాల్సి వచ్చేది.

నువ్వు నోటు తిరగరాశావు. నన్ను అడగలేదు. కాఫీ కూడా తాగలేదు. నా నలభయ్యో ఏడు నుంచి అరవై ఆరో ఏడు దాకా నా బతుకు ఎలా ఉండాలో నేను నిద్రపోతుంటే రాసేసుకున్నావు. పైగా నాకు ట్రాక్ మంచిదని సర్టిఫికెట్టా? నాలుగేళ్లు. జ్వరమొచ్చినా, ఉద్యోగం ఊగిసలాడినా, ఐదో తారీఖుకి ముందు అకౌంట్లో డబ్బుందో లేదో చూసుకోకుండా ఒక్క నెల నిద్రపోలేదు. 15 లక్షల 12 వేలు కట్టాను. నాలుగేళ్లకి అసలు తగ్గింది 2 లక్షల 4 వేలు. ఇంకా 37 లక్షల 96 వేలు ఉందట! 13 లక్షలు తిన్నావు, తిని మూతి తుడుచుకుని “ఇంకా 242” అంటావా? సిగ్గుండాలి.

క్షమించాలి. మళ్లీ మర్యాదలోకి వస్తాను.

మీ వాళ్లకి చెబితే “మెసేజ్ పంపాం సార్” అన్నారు. నిజమే, ఇంటికొచ్చి వెతికితే మెయిల్ దొరికింది. చెప్పుల డిస్కౌంట్‌కీ, మీకు టాపప్ లోన్ (ఉన్న అప్పు మీద ఇంకో అప్పు) మంజూరైందన్న శుభవార్తకీ మధ్యలో ఉంది. ఇంగ్లిష్‌లో నాలుగు పేరాలు, సంఖ్య ఒక్కటీ లేదు. టాపప్ సంగతి చెప్పడానికైతే వారానికో అమ్మాయి పేరు పెట్టి పిలిచి మరీ ఫోన్ చేస్తుంది.

రిజర్వ్ బ్యాంక్ కూడా ఈ తంతు కనిపెట్టింది. రేటు మారినప్పుడు వాయిదా పెంచుకుంటావా, గడువు పెంచుకుంటావా, కొంత ముందే కట్టేస్తావా అని అప్పు తీసుకున్నవాణ్ణి అడగాలనీ, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయో మూడు నెలలకోసారి అర్థమయ్యేలా చెప్పాలనీ 2023 ఆగస్టులో ఆదేశించింది. నా గడువు సాగింది ఆ ఏప్రిల్‌కే. దొంగలు పడ్డ ఆర్నెల్లకి అని సామెత ఒకటుంది, పూర్తిగా రాయను. పెద్దలంటే నాకు గౌరవం.

2025 ఫిబ్రవరి, ఏప్రిల్, జూన్‌లలో రేటు మొత్తం ఒక శాతం తగ్గింది. జులై ఒకటి నుంచి నాది 8.25. అందుకే 2051 నుంచి 2045 ఆగస్టుకి దిగొచ్చారు. అంటే ఈ 242 మీరు చేసిన ఉపకారం అన్నమాట! పోయిన ఏడాది వచ్చి అడిగుంటే ఇంకా ఘోరమైన అంకె కనపడేదని మేడమ్ నన్ను ఓదార్చారు. పాపం, మంచావిడే. ఆవిడకీ హోమ్ లోన్ ఉందట. తన టెన్యూర్ ఎంతో చూసుకోలేదన్నారు. నా ముందే చూసుకున్నారు. కాసేపు ఇద్దరం ఏం మాట్లాడలేదు.

తర్వాత నా రెండు లక్షలు తీసుకుని ఫారం నింపుతూ, “ఈఎంఐ తగ్గించమంటారా సార్? నెలకి పదిహేడు వందలు తగ్గుతుంది. అందరూ అదే అడుగుతారు” అన్నారు. నోటిదాకా వచ్చింది సరేనని. పదిహేడు వందలంటే ఓటీటీలు రెండూ, వారం వారం బిరియానీ. మీరు ఎంతటివారో మంగళవారమే తెలియకపోతే సరే అనేవాణ్ణి.

“ఈఎంఐ అలాగే ఉంచండి. నెలలు తగ్గించండి.”

ఆవిడ ఏదో నొక్కారు. 242 పోయి 213 వచ్చింది. ఒక్కసారి రెండు లక్షలు వేస్తే 29 వాయిదాలు రాలిపోయాయి. 29ని 32,217తో నేనే గుణించాను, నాలుగేళ్లు ఆలస్యంగానైనా. 9 లక్షల 34 వేలు. ముందే కడితే ఫైన్ వేస్తారని నాన్న భయపడ్డారు గానీ, నాలాంటి ఫ్లోటింగ్ రేటు (మారుతూ ఉండే వడ్డీ) ఇంటి అప్పుకి ఆ జరిమానా 2012లోనే ఎత్తేశారట. ఇది చెప్పడానికి మాత్రం ఏ అమ్మాయీ నాకు ఫోన్ చేయలేదు.

ఒక్క మాట మాత్రం మీ పక్షాన కూడా చెప్పాలి. అద్దెకున్నప్పుడు ఓనరు గారు ఏడాదికోసారి వచ్చి గోడకి మేకులు లెక్కపెట్టేవారు. ఇక్కడ వంటింటి ద్వారబంధం మీద మా పాప ఎత్తు పెన్సిల్‌తో గీస్తాను, ప్రతి పుట్టినరోజుకీ. నాలుగు గీతలయ్యాయి. ఈ ఇంట్లో మీ అసలు కంటే అది ఎక్కువ కదిలింది. మీరు లేకపోతే ఆ గీత గీసే గోడ నాకు ఉండేది కాదు. తెలుసు. అందుకే ఇంకా గారు అంటున్నాను.

వాయిదా ఇంకో 1,600 పెంచితే మళ్లీ 2041 జూన్‌కే మీరు దయచేయొచ్చని లెక్క వేశాను. దానికి వేరే ఫారం ఉందట. ఆ ఫారం చూసే సార్ సెలవులో ఉన్నారు, వచ్చే మంగళవారం రమ్మన్నారు. మళ్లీ హాఫ్ డే పెట్టాను.

ఈలోగా ఐదో తారీఖున ఎలాగూ కలుస్తాం.

ఇట్లు,
మీ మంచి ట్రాక్ మనిషి