ముందే సంపాదించినవాడైతే చాలా?
కాంగ్రెస్ నాయకుడు కోమటిరెడ్డి రాజగోపాల్ రెడ్డి గురించి రాస్తూ కొందరు, కాంట్రాక్టుల్లో ముందే సంపాదించుకున్న మనిషికి పదవితో సంపాదించుకోవాల్సిన పని ఉండదని అన్నారు. ఈ మాట ఒప్పుకోలేను. ఆయన కష్టాన్ని నేను తక్కువ చేయడం లేదు. 2009లో భువనగిరి ఎంపీ, తర్వాత ఎమ్మెల్సీ, 2018లో మునుగోడు ఎమ్మెల్యే. 2022లో రాజీనామా చేసి ఉప ఎన్నికలో బీజేపీ తరఫున ఓడిపోయినా, మరుసటి ఏడాదే కాంగ్రెస్‌లోకి తిరిగొచ్చి గెలిచారు. జనంలో పట్టు లేకపోతే అది జరగదు. కానీ సంపాదన అవసరం వేరు, వ్యాపార ప్రయోజనం వేరు. 1951 ప్రజాప్రాతినిధ్య చట్టం సెక్షన్ 9ఏ ప్రకారం రాష్ట్ర ప్రభుత్వంతో తన పేరు మీద కాంట్రాక్టు నడుస్తుంటే ఎమ్మెల్యే అనర్హుడవుతాడు. కంపెనీ పేరుతో ఉంటే మామూలుగా అది వర్తించదు, కేంద్రం ఇచ్చిన పనులకూ వర్తించదు. అసలు చూడాల్సింది ఈ మినహాయింపులనే. ఆ ఉప ఎన్నికప్పుడు మునుగోడు నియోజకవర్గంలోని మర్రిగూడ మండలంలో మా మేనత్తను ఆటో ఎక్కించుకుని ఓటుకు తీసుకెళ్లారు. నీటిలోని ఫ్లోరైడ్‌తో మోకాళ్లు వంకరపోయి నాలుగడుగులు కూడా వేయలేదు. వచ్చిన ప్రతి పార్టీవాళ్లనూ ఆమె అడిగింది చర్లగూడెం రిజర్వాయర్ ఎప్పుడు నిండుతుందనే. ఆ రిజర్వాయర్ భాగంగా ఉన్న డిండి ఎత్తిపోతల పథకానికి శంకుస్థాపన జరిగింది 2015లో! ఎవరి ఆస్తి ఎంతన్నది ఆమెకు అక్కర్లేదు. ప్రభుత్వ కాంట్రాక్టుల వివరాలు అభ్యర్థులు నామినేషన్‌తో ఇచ్చే అఫిడవిట్, అంటే ఫారం 26లో రాయాలి, ఆ అఫిడవిట్లు ఎన్నికల సంఘం వెబ్‌సైట్‌లోనే ఉంటాయి. వ్యాపార నేపథ్యం గురించి ఇంత రాసినవాళ్లు అవి కూడా తీసి పెట్టాల్సింది.