సవరణ: పాకూర్ జమీందారు హత్య గురించి మొన్న పెట్టిన పోస్టు

మొన్నటి పోస్టులో "జమీందారు ఇంటి హత్య" అని మాత్రమే రాశాను కదా, దాంతో మన పర్లాకిమిడిలో సగం మంది ఇది మన కోటలో జరిగిందా అని అడుగుతున్నారు. కాదండీ బాబూ, మన జమీందార్లు గజపతుల ఇంటికి దీనికి ఏ సంబంధమూ లేదు. పాకూర్ ఇప్పుడు జార్ఖండ్‌లో ఉంది.

రెండోది, "రైల్లో సూది గుచ్చారు" అన్న ముక్క తీసేశాను, గుచ్చింది హౌరా స్టేషన్లోనే, 1933 నవంబర్ 26న. హత్యకు గురైన పాకూర్ జమీందారు అమరేంద్ర పాండే ఊరికి బండెక్కబోతుంటే జనంలో ఖద్దరు కట్టుకున్న ఒకడు తగులుకుంటూ పోయాడు, చేతిమీద చుక్కంత గుర్తు, అంతే, మన పలాసలో హౌరా బండి ఎక్కేటప్పుడు ఇలాంటి తోపులాట ఎవడు పట్టించుకుంటాడు చెప్పండి! డిసెంబర్ 4న పోయాడు. రక్తం కల్చర్ చేస్తే, అంటే అందులోని క్రిముల్ని పెంచి చూస్తే, తేలింది పాము విషం కాదు, ప్లేగు క్రిమి.

చేయించింది సవతి అన్న బినయేంద్ర, ఆస్తి గొడవ. హత్యకు వాడిన ప్లేగు క్రిముల్ని సంపాదించే సంగతి చూసింది తారానాథ్ అనే డాక్టరు, అందుకోసం బొంబాయి దాకా వెళ్ళారు. పోలీసులు అక్కడిదాకా కూపీ లాగారు, నాకైతే కేసులో అసలు పనితనం అదే అనిపిస్తుంది.

ఇంకోటి, "ఉరి తీశారు" అని షేర్ చేసినవాళ్ళు దయచేసి మార్చండి. బినయేంద్రకీ తారానాథ్‌కీ ఉరిశిక్ష పడిన మాట నిజమే కానీ 1936లో కలకత్తా హైకోర్టు దాన్ని యావజ్జీవ ద్వీపాంతరవాసంగా మార్చింది.